మటన్ ఖుబానీకి ఎనామెల్ గిన్నె: చాలాకాలం వాడాక

మాంసం, ఖుబానీ (ఎండిన ఆప్రికాట్) లాంటి ఎండు పండ్లు కలిపి నెమ్మదిగా ఉడికే కూరలకు ఎనామెల్ అనే గాజులాంటి పూత ఉన్న కాస్ట్ ఐరన్ (పోత ఇనుము) గిన్నె బాగా పనికొస్తుంది. రోజువారీ పప్పుకూ కూరకూ మాత్రం దండగ: బరువెక్కువ, వేడెక్కడం ఆలస్యం. నేను వాడేది 24 సెంటీమీటర్లది, నాలుగు లీటర్ల పైచిలుకు పడుతుంది. కిలో మటన్‌కు సరిగ్గా సరిపోతుంది. కిలోన్నర వేస్తే కలపడానికి చోటుండదు.

ఈ గిన్నే ఎందుకంటే, పులుపు వల్ల. పూత లేని ఇనుప పాత్రలో ఖుబానీ, ఆలూబుఖారా (ఎండు ప్లమ్) పులుపు ఉడికితే కూర నల్లబడుతుంది, నాలుకకు ఇనుము తగులుతుంది. ఎనామెల్‌కు ఆ బాధ లేదు. మొరాకోలో ఈ తరహా కూరను శంఖు ఆకారపు మూత ఉండే తజీన్ అనే మట్టిపాత్రలో వండుతారు. దాన్ని మన గ్యాస్ మంట మీద నేరుగా పెడితే పగిలే ప్రమాదం ఉంది, కింద మందపాటి పలక తప్పనిసరి. ఇక కుక్కర్. అందులో మాంసం త్వరగా ఉడుకుతుంది, కానీ పండ్లు కూడా మొదటే వేస్తే చితికి, చక్కెరంతా అడుగున చేరి మాడుతుంది. టైం లేకపోతే మాంసాన్ని కుక్కర్లో ముప్పాతిక వంతు ఉడికించి, మూత తీశాక పండ్లు వేసి సిమ్‌లో ఉంచండి. తినగలిగేలా ఉంటుంది గానీ పులుసు పలచనే.

మాంసం విషయంలో షాపతనితో ముందే మాట్లాడాలి. మటన్ అంటే గొర్రె కావచ్చు, మేక కావచ్చు. దీనికి లేత గొర్రె మాంసం మేలు. ముందు కాలు, భుజం, రెండు మూడు నల్లి బొక్కలు కలిపి పెద్ద ముక్కలు కొట్టించండి. తొడలోని మెత్తటి ముక్క అడగొద్దు, అందులో జిగురు తక్కువ, రెండు గంటలకు పీచుపీచుగా ఎండుతుంది. ఇంకో మాట: మన దగ్గర అలవాటుగా పట్టించే పచ్చి బొప్పాయి ముద్ద దీనికి వద్దు. అది మాంసాన్ని విడగొట్టేస్తుంది, పైన రెండు గంటల ఉడుకు కలిస్తే ముక్క ముద్దవుతుంది.

కిలో మాంసానికి 150 గ్రాముల ఖుబానీ, ఎనిమిది ఎండు ఆలూబుఖారా. హైదరాబాద్ బేగంబజార్‌లో దొరికే గోధుమరంగు, గింజ ఉన్న ఖుబానీ ఎంచుకోండి. రాత్రంతా గోరువెచ్చని నీళ్లలో నానబెట్టి, గింజ తీసి, ఆ నీళ్లు దాచండి. నారింజ రంగులో మెత్తగా ఉండేవి గంధకపు పొగ పట్టించినవి, తొందరగా చితుకుతాయి. అవే వాడితే అరగంట నానబెట్టి, నీళ్లు పారబోయండి. ఆలూబుఖారా మానేస్తే కూర వట్టి తీపవుతుంది, చివర నిమ్మరసం పిండినా ఆ లోటు తీరదు.

గిన్నెను సిమ్‌లో నాలుగైదు నిమిషాలు వేడిచేసి, మూడు చెంచాల నూనె, చెంచా నెయ్యి వేయాలి. ఖాళీ గిన్నెను పెద్ద మంట మీద పెడితే ఎనామెల్ నెర్రెలు పట్టొచ్చు. ముక్కల తడి తుడిచి, మూడు విడతలుగా మధ్యస్థ మంట మీద ఎర్రగా వేపండి. ఒకేసారి వేస్తే నీరు వదిలి ఉడుకుతుంది గానీ వేగదు. అడుగున గోధుమరంగు పొర పడితే భేష్, నల్లబడితే మాత్రం కడిగి మళ్లీ మొదలుపెట్టండి, ఆ చేదు పండ్ల తీపికీ లొంగదు. అదే కొవ్వులో 300 గ్రాముల ఉల్లిగడ్డ తరుగు, రెండు చెంచాల అల్లంవెల్లిగడ్డ, రెండు దాల్చినచెక్క ముక్కలు, ఆరు ఏలకులు, ఐదు లవంగాలు, చెంచా షాజీరా, చెంచా మిరియాల పొడి, పెద్ద చెంచా ధనియాల పొడి, చెంచాన్నర కారం వేయండి. పొడులు వేశాక ఇరవై ముప్పై సెకన్లే, వెంటనే మాంసం, రెండు చెంచాల ఉప్పు, పండ్లు నానిన నీళ్లు, వేడి నీళ్లు కలిపి 600 మిల్లీలీటర్లు. చన్నీళ్లు పోయకండి.

ఇక మూత పెట్టి అతి తక్కువ మంట. బుడగ అప్పుడొకటి ఇప్పుడొకటి రావాలి, కుతకుత ఉడికితే ముక్క బిగుసుకుంటుంది. ఇంటి పొయ్యి చిన్న బర్నర్ మీద కూడా నడిమిలో వేడి ఎక్కువ, అందుకే ఇరవై నిమిషాలకోసారి గిన్నెను పావు వంతు తిప్పుతాను. గంటన్నర దాటాక ముక్క చెంచాతో నొక్కితే కొంచెం ఒదిగినప్పుడు ఖుబానీ వేసి ఇంకో 35 నిమిషాలు, చివరి 20 నిమిషాల్లో ఆలూబుఖారా, వేడి నీళ్లలో నానబెట్టిన చిటికెడు కుంకుమపువ్వు. ముదురు మాంసమైతే మొదటి భాగమే రెండు గంటలవుతుంది, పండ్ల సమయం మాత్రం మారదు. పండ్లు పడ్డాక చెక్క గరిటెతో అడుగు తాకేలా కలపాలి. ఉప్పు చివర్లో చూడండి, తీపి పెరిగాక ఉప్పు తక్కువనిపిస్తుంది.

బగారా అన్నం కన్నా జొన్న రొట్టె, షీర్మాల్ (కుంకుమపువ్వు వేసిన కాస్త తీపి రొట్టె) నప్పుతాయి. చలికి గొర్రె కొవ్వు కంచంలోనే గడ్డకడుతుంది కాబట్టి కంచాలు వేడినీళ్లలో ముంచి తుడిచి పెట్టుకుంటే మంచిది. మర్నాడు రుచి ఇంకా బాగుంటుంది. పైన తెల్లగా పేరుకున్న కొవ్వులో సగం తీసేసి, అరకప్పు వేడి నీళ్లతో సిమ్‌లో వేడిచేయాలి. ఫ్రిజ్‌లోంచి తీసిన గిన్నెను నేరుగా మంట మీద పెట్టొద్దు.

గిన్నె లోపాలు చెప్పాలి. కూరతో నిండితే ఒక చేత్తో ఎత్తలేం, మందపాటి గుడ్డ లేకుండా పిడులు పట్టలేం. లోపలి తెల్ల పూత కారం, పసుపు రంగు పట్టి పసుపుపచ్చగా మారింది. నీళ్లలో రెండు చెంచాల వంటసోడా వేసి పది నిమిషాలు మరిగిస్తే చాలావరకు పోతుంది. బోరు నీళ్ల తెల్ల చారలకు కొంచెం వెనిగర్ చాలు. ఇనుప పీచు, స్టీల్ గరిటె ముట్టించకూడదు. చిన్న ఓటీజీ (కరెంటు ఓవెన్)లో పెట్టాలనుకునేవాళ్లు మూతతో సహా ఎత్తు కొలుచుకుని కొనండి, మూత పిడి ప్లాస్టిక్‌దైతే అది ఎంత వేడి తట్టుకుంటుందో చూసుకోండి. మూత కూర్చునే అంచు దగ్గర ఎనామెల్ పల్చగా ఉండి కడిగాక తుప్పు పడుతుంది, ఆరబెట్టి నూనె చుక్క రాస్తే సరి. లోపలి పూత పెచ్చులూడడం మొదలైతే మాత్రం ఆ గిన్నెలో ఇక వండొద్దు.