దారిపెట్టెలో నేను ఎక్కువగా వాడిన మీట

తీసుకోబోయే నిర్ణయాల వెంట వచ్చే భవిష్యత్తును చూపే పరికరం దారిపెట్టె. దానిని కొన్నవారిలో చాలామంది దాని తేడాల తెరను పొగుడుతారు. రెండు నిర్ణయాలను పక్కపక్కన పెడితే వాటి వెంట వచ్చే రెండు భవిష్యత్తులు ఎక్కడ విడిపోతాయో అది చూపిస్తుంది. నేను కూడా ఆ తెర కోసమే కొన్నాను. ఇన్నేళ్లు వాడిన తరువాత మాత్రం, పెట్టిన డబ్బు మొత్తానికి న్యాయం చేసినది ‘ఉమ్మడి’ అనే మీట ఒక్కటేనని చెప్పగలను. దానిని నొక్కితే తేడాలన్నీ చెరిగిపోయి, రెండు దారుల్లోనూ మారకుండా ఉండేవి మాత్రమే తెర మీద మిగులుతాయి. తెర కొలత, బ్యాటరీ, ఏడేళ్లకు మించి చూపలేకపోవడం, ‘ఖాయం’ నొక్కాక అదే ప్రశ్నను మళ్లీ తెరవనివ్వకపోవడం అందరికీ తెలిసినవే కాబట్టి వాటి జోలికి పోను.

మాది శ్రీకాకుళం జిల్లా ఉద్దానం, వజ్రపుకొత్తూరు మండలం. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస సమీపంలో తీరం దాటింది. గంటకు 140 నుంచి 150 కిలోమీటర్ల వేగంతో వీచిన ఆ గాలికి మా కొబ్బరి తోటలో నిలిచిన చెట్ల కంటే కూలినవే ఎక్కువ. తోట ఉన్నవారికి అది ఒక్క ఏడాది పంట నష్టంతో పోయేది కాదని వేరే చెప్పనక్కరలేదు. దేశవాళీ కొబ్బరి మొక్క నాటితే ఆరేడేళ్లకు గాని కాపుకు రాదు. జీడి అంటు అయితే మూడో ఏటి నుంచే ఎంతో కొంత పిక్క రాలుస్తుంది గాని, పూత మీద ఉండగా మంచు పట్టినా, టీ దోమ పడినా ఆ ఏటి రాబడి పోయినట్లే. రాలిన పిక్కలకు పలాసలో 80 కిలోల బస్తా ఏ ధర పలుకుతుందో అమ్మే రోజు దాకా తెలియదు. కూలిన చెట్లను తొలగించాక, మళ్లీ కొబ్బరే పెట్టాలని నాన్న, ఈసారి జీడి పెట్టాలని తమ్ముడు పట్టుబట్టి కూర్చున్నారు.

పరికరం మా ఇంటికి వచ్చింది అప్పుడే. తేడాల తెర ఆ వాదనను తీర్చకపోగా పెంచింది. కొబ్బరి దారిలో నాలుగో ఏట కూడా రూపాయి రాని తోట కనిపించగానే తమ్ముడు తన మాటే నెగ్గిందన్నాడు. జీడి దారిలో మాడిన పూత, కొబ్బరి దారి చివరి ఏడాదిలో గెలలు వేసిన చెట్లు కనిపించగానే నాన్న తన మాటే నెగ్గిందన్నారు. ఎవరికి కావలసిన సాక్ష్యం వారికి దొరికే తెర అది.

‘ఉమ్మడి’ మీటను కూడా నొక్కి చూడమన్నది అమ్మ. నొక్కితే మూడు విషయాలు మిగిలాయి. ఏది పెట్టినా ఏదో ఒక ఏడు వానాకాలం చివర పెద్ద గాలి తోట మీద పడుతుంది. ఏది పెట్టినా ఎండలు ముదిరేసరికి మా నుయ్యి అడుగంటుతుంది. ఏది పెట్టినా తమ్ముడు ఊళ్లో ఉండడు. మూడోది చదివాక ఇంట్లో ఎవరికీ ఊరట కలగలేదు గాని, అంతవరకు తోట పేరుతో జరిగిన గొడవ చాలావరకు దాని గురించేనని తెలిసివచ్చింది. జీడి త్వరగా కాస్తే చెన్నై పోకుండా ఇక్కడే ఉండవచ్చని తమ్ముడి ఆశ. కొబ్బరి ఉంటే, తాత నాటిన తోటను వదిలి వాడు పోలేడని నాన్న నమ్మకం. “ఏది నాటినా వాడు వెళ్లేవాడే అయితే, ఇక తోట పేరు చెప్పి వాడిని ఆపొద్దు” అని నాన్నే అన్నారు. “అక్కా, ముందు నూతి సంగతి చూడండి, నేను ఉన్నా లేకపోయినా మొక్కకు నీళ్లు కావాలి కదా” అని తమ్ముడు నాతో అన్నాడు. మొక్కలకని దాచిన డబ్బులో సగానికి పైగా నుయ్యి లోతు చేయించడానికి, బిందు సేద్యం గొట్టాలకు ఖర్చయింది. పల్లంలో ఎనిమిది మీటర్ల ఎడంతో కొబ్బరి, మెరకలో జీడి నాటాము. అంతగా పోట్లాడుకున్న ప్రశ్న ఒక్క పూటలో తేలిపోయింది. తమ్ముడు మరుసటి ఏడాది చెన్నై వెళ్లాడు, ఎవరి మీదా కోపం లేకుండా వెళ్లాడు. నా దృష్టిలో ఈ పరికరం చేసిన అతి పెద్ద మేలు అదే.

ఈ మీట పనితీరు మాలాంటి తీర ప్రాంతం వారికి కొత్తగా అనిపించకూడదు. ఆరంభంలో ఉన్న అతి చిన్న తేడా కూడా పెరిగి పెరిగి వాతావరణాన్ని పూర్తిగా మరో దారి పట్టించగలదని 1963లో అమెరికా వాతావరణ శాస్త్రవేత్త ఎడ్వర్డ్ లోరెంజ్ చూపించాడు. అందుకే ఆరంభ వివరాలను కొద్దికొద్దిగా మార్చి ఒకే అంచనాను అనేకసార్లు లెక్కించే పద్ధతిని యూరప్, అమెరికా వాతావరణ కేంద్రాలు 1992 నుంచి రోజువారీ పనిలోకి తెచ్చాయి. ఆ లెక్కలన్నీ ఎక్కడ కలుస్తాయో అక్కడ తుపాను హెచ్చరికను గట్టిగా చెప్పవచ్చు, ఎక్కడ చెదిరిపోతాయో అక్కడ చెప్పలేము. దారిపెట్టెలో కూడా నమ్మదగినది ఆ కలిసే భాగమే.

అయితే ఆ కలిసే భాగం తేదీ చెప్పదు. రెండు దారుల్లో ఏడాది ఒకటే కానప్పుడు ఏడాదిని కూడా చెరిపేస్తుంది. 2021 సెప్టెంబరు 26న గులాబ్ తుపాను కళింగపట్నానికి ఉత్తరాన తీరం దాటినప్పుడు, మేము తెర మీద చూసిన గాలి ఇదేనా, లేక అది ఇంకా రావలసి ఉందా అని ఆ రాత్రంతా తర్జనభర్జన పడ్డాము. చూపినది జరిగిపోయిందో లేదో చెప్పే ఏర్పాటు ఇందులో లేదు. అప్పటి నుంచి అక్టోబరు దాటేదాకా ప్రతి ఏటా నాన్న సరిగా నిద్రపోరు. పరికరం కొనకముందు ఆయనకు ఈ బాధ లేదు.

ఇంతకంటే పెద్ద చిక్కు మా పిన్ని ఇంట్లో వచ్చింది. కూతురికి వచ్చిన రెండు సంబంధాలను పెట్టి చూస్తే, రెండింటిలోనూ ఆ పిల్ల చదువు ఆగిపోవడం ఉమ్మడిగా కనిపించింది. పిన్ని దానిని నుదుటి రాతగా తీసుకుని, ఇక ఎవరైతే ఏమిటని ఒక సంబంధాన్ని ఖాయం చేయబోయింది. ఉమ్మడిలో కనిపించేది తప్పక జరుగుతుందని కాదు, మనం అడిగిన ఆ రెండు నిర్ణయాలకూ దానిని మార్చే శక్తి లేదని మాత్రమే. పెళ్లి ఇప్పుడే చేయకపోవడం అనే మూడో దారిని ఆమె అడగనే లేదు. అది పెట్టి చూశాక చదువు ఆ జాబితా నుంచి తొలగిపోయింది, పిల్ల ఇప్పుడు డిగ్రీ పూర్తి చేస్తోంది. ఇంత ముఖ్యమైన సంగతిని తయారీదారులు తెర మీదే రాసి ఉండవలసింది, చేతిపుస్తకం చివరి పుటల్లో ఇరికించారు.

ఉద్దానంలో ఎవరి చేతికి ఇది వచ్చినా మొదట అడగాలనిపించేది ఇక్కడ ఎందరినో పీడిస్తున్న కిడ్నీ జబ్బు గురించే. శరీరంలోని రోగాల ప్రశ్నలను ఇది తీసుకోదు. తీసుకోకపోవడమే మంచిదని నేను అనుకుంటున్నాను, ఎందుకంటే ఇక్కడ పరీక్షలు చేయించుకోవడం ఏ తెర మాట వినీ మానకూడదు.

కొనమని అందరికీ చెప్పలేను. మాది భూమి ఉన్న ఇల్లు, ఒకే తెర ముందు నలుగురం కూర్చుని మాట్లాడుకోగలిగిన ఇల్లు, అందుకే ఉమ్మడి మీట మాకు పనికివచ్చింది. పట్నంలో అద్దె గదిలో ఉంటూ రెండు ఉద్యోగాల మధ్య ఒంటరిగా తేల్చుకోవలసిన వారికి తేడాల తెరే ఎక్కువ ఉపయోగపడవచ్చు. రాబోయే నమూనాలో మూడు దారులకు ఒకేసారి ఉమ్మడి చూపిస్తుందని అంటున్నారు. అది నిజమైతే, జీడి పిక్కల డబ్బు చేతికి వచ్చాక మా పాతదానిని మార్చుకుంటాను.