గీతను మన్నించే యాప్: రెండేళ్ల వాడకం తర్వాత

ఉద్యోగరీత్యా మెక్సికోలోని గ్వాదలహారాకు వచ్చినప్పటి నుంచి, అంటే దాదాపు రెండేళ్లుగా, స్పానిష్ క్రియారూపాలను సాధన చేయించే ఈ యాప్‌ను రోజూ వాడుతున్నాను. ఎన్ని క్రియలున్నాయి, చందా ఎంత అన్నవి అందరికీ తెలిసినవే కనుక వాటి జోలికి పోను. నా పేచీ అంతా ఒక్క గీత గురించే.

భూతకాలంలో చాలా క్రియల చివరి అచ్చు మీద చిన్న ఏటవాలు గీత ఉంటుంది. ఆ అచ్చును ఊనిక ఇచ్చి పలకాలని దాని అర్థం. గీత లేకుండా టైప్ చేసినా ఈ యాప్ జవాబు సరైనదనే అంటుంది. కీబోర్డులో వెతుకులాట తప్పిందని మొదట్లో నేనూ సంతోషించాను. ఒక నెల ఇంటి యజమానురాలికి ‘అద్దె ఇప్పటికే కట్టాను’ అని చెప్పబోయి, ‘యా పగే లా రెంతా’ అని రాయవలసిన చోట అలవాటు కొద్దీ గీత వదిలేశాను. గీత పోతే ‘పగే’ కాస్తా ‘పాగె’ అవుతుంది. ‘కట్టాను’ అన్నది ‘కట్టండి’ అన్న ఆజ్ఞగా మారుతుంది. ‘ఎవరికి?’ అని ఆమె ఒక్క మాటలో జవాబిచ్చింది. ఇక్కడివారు కూడా సందేశాలలో గీతలు వదిలేస్తుంటారు కాబట్టి ఆటపట్టించిందనే అనుకుంటాను, కానీ ఆ మాట అర్థం కావడానికి నాకు పది నిమిషాలు పట్టింది. తెలుగులో హ్రస్వదీర్ఘాలు మారితే అర్థం మారుతుంది గానీ ఊనికతో మారదు కనుక మన చెవికి ఆ తేడా అందదు. మనకు గీతే ఆధారం.

ఆరు నెలలప్పుడు రాసిన సమీక్షలో, మామూలు నియమాలకు లొంగని, దారితప్పిన క్రియలను గుంపులు చేసిన తీరును (‘తూవె’, ‘ఎస్తూవె’ ఒకచోట, ‘దీహె’, ‘త్రాహె’ మరోచోట) మెచ్చుకున్నాను. ఆ మాట వెనక్కి తీసుకోను. అయితే ఆ రూపాలకు అసలు గీతే ఉండదు కనుక లోపం అప్పుడు కంటపడలేదని ఇప్పుడు తోస్తోంది. రెండు భూతకాలాలలో ఏది ఎప్పుడు వాడాలో కూడా యాప్ సరిగా చెప్పదు. ‘వెళ్లాను’, ‘వెళ్లేవాణ్ణి’ అన్న తేడా మనకు ఉండడంతో ఆ లోటు నన్ను పెద్దగా బాధించలేదు.

గీతను కచ్చితంగా అడిగే మీట సెట్టింగులలో ఎక్కడో అడుగున ఉందని గత నెలలోనే తెలిసింది. దాన్ని నొక్కిన రోజు నా మార్కులు సగానికి పడిపోయాయి. అయినా చందా పొడిగించాను. తరగతికి వెళ్లే తీరిక నాకు లేదు. తీరిక ఉన్నవారికి, ముఖ్యంగా రాత పరీక్షకు చదివేవారికి, దీన్ని సిఫారసు చేయగలనో లేదో మాత్రం తేల్చుకోలేకపోతున్నాను.