మా ఊరి పోతురాజు ఒంటి మీద పగుళ్లు: ఐదేళ్లు మైన్‌క్రాఫ్ట్‌లో గోలెంని చూసుకున్నాక

మైన్‌క్రాఫ్ట్ అనే బ్లాకుల గేమ్‌లో నాకు అన్నిటికంటే నచ్చింది ఏంటని అడిగితే నెదర్ అనే పాతాళలోకం అనో డ్రాగన్ అనో చెప్పను, ఊరికి కాపలా కాసే ఇనుప బొమ్మ, ఐరన్ గోలెం ఒంటి మీద పడే పగుళ్లు అని చెప్తా. గోలెం 2012 నుంచీ గేమ్‌లో ఉంది గానీ చాలాకాలం వాడికి దెబ్బలు తగిలాయో లేదో చూస్తే తెలిసేది కాదు, ఒకరోజు ఉన్నట్టుండి పడిపోయేవాడు అంతే. 2019 డిసెంబర్‌లో 1.15 అప్‌డేట్ వచ్చాక హెల్త్ తగ్గేకొద్దీ ఒంటి మీద మూడు దశల్లో పగుళ్లు కనిపించడం, మనం వెళ్ళి ఐరన్ ఇంగాట్ (ఇనుప కడ్డీ) పట్టుకుని రైట్ క్లిక్ చేస్తే టంగుమని సౌండ్ వచ్చి ఆ పగుళ్లు పూడుకోవడం మొదలైంది. చిన్న మార్పే కదా అనిపిస్తుంది. కానీ నేను 2020 లాక్‌డౌన్‌లో మొదలుపెట్టిన వరల్డ్‌లో ఇప్పటికీ ఉన్నానంటే దానికి సగం కారణం ఇదే.

నాది జావా ఎడిషన్ (కంప్యూటర్‌లో ఆడే రకం), నార్మల్ డిఫికల్టీ, మైదానంలో దొరికిన ఒక చిన్న ఊరు. ఊరితో పాటే ఒక గోలెం కూడా ఉన్నాడు. కొన్నాళ్ళకి చేపలు పడుతుంటే నేమ్ ట్యాగ్ దొరికింది, ఏం పేరు పెడదామని ఆలోచిస్తుంటే పక్కన కూర్చున్న అమ్మ ఏంట్రా అది అని అడిగింది, ఊరికి కాపలా కాసేవాడమ్మా అన్నాను, కాపలా అయితే పోతురాజు అని పెట్టు అంది. మా అమ్మమ్మగారి ఊళ్ళో పోలేరమ్మ గుడి ఎదురుగా పోతురాజు రాయి ఉంటుంది, పసుపు రాసి బొట్లు పెట్టి ఉంటుంది, చిన్నప్పుడు అటు వెళ్ళినప్పుడల్లా దండం పెట్టుకునేవాళ్ళం. అలా మా గోలెం పోతురాజు అయ్యాడు. రోజూ రాత్రి గేమ్ తెరవగానే ముందు వాడి చుట్టూ ఒకసారి తిరిగి పగుళ్లు చూడటం, అవసరమైతే ఒకటో రెండో ఇంగాట్లు పెట్టడం, ఆ తర్వాతే మిగతా పని. వాడి హెల్త్ మొత్తం 100, ఒక్కో ఇంగాట్‌తో 25 పెరుగుతుంది, దానంతటది మాత్రం ఎప్పటికీ పెరగదు. మనం పట్టించుకోకపోతే వాడికి ఇంకెవరూ లేరన్నమాట, అదే నాకు బాగా నచ్చేది.

2023 వేసవిలో జరిగింది చెప్పాలి. అక్కా వాళ్ళమ్మాయి సెలవులకి వచ్చింది, తన లాప్‌టాప్, నా లాప్‌టాప్ ఇంట్లో నెట్‌వర్క్‌లో కలిపి ఇద్దరం అదే వరల్డ్‌లో ఆడేవాళ్ళం. ఒకరోజు గేమ్ తెరిస్తే పోతురాజు లేడు. పొలాల దగ్గర లేడు, బావి దగ్గర లేడు, నది అవతలకి కూడా వెళ్ళి చూసొచ్చాం. ఏదో జోంబీ వెనకాల పడి దూరంగా పోయి చచ్చిపోయుంటాడు అనుకున్నాను. పోతే పోయాడు, కొత్తవాడు పుడతాడులే అనుకున్నా, ఎందుకంటే జావాలో రాత్రి పడుకుని లేచిన విలేజర్లు, అంటే ఊళ్ళోవాళ్ళు, ఐదుగురు ఒకచోట చేరి కబుర్లు చెప్పుకుంటుంటే కొత్త గోలెం పుడుతుంది. మా ఊళ్ళో పద్నాలుగు మంది ఉన్నారు, మంచాలున్నాయి, పొద్దున్నే బావి దగ్గర కబుర్లకేమీ కొదవలేదు. అయినా రోజులు గడుస్తున్నాయి, కొత్త గోలెం రాలేదు.

ఈలోపు రాత్రుళ్ళు జోంబీలు రావడం, ఊళ్ళోవాళ్ళు పోవడం మొదలైంది. నార్మల్‌లో జోంబీ చంపిన విలేజర్‌కి సగం ఛాన్స్ జోంబీ విలేజర్‌గా మారిపోవడానికి, మిగతా సగం అసలే పోతాడు. రెండు వారాల్లో పద్నాలుగు మంది కాస్తా తొమ్మిది మంది అయ్యారు. అందులో నేను ఎన్నో రోజులు కష్టపడి మెండింగ్ (పనిముట్లని బాగుచేసే మంత్రం) పుస్తకం అమ్మేలా చేసుకున్న లైబ్రేరియన్ విలేజర్ కూడా ఉన్నాడు, వాడు పోయిన రాత్రి నాకు నిజంగా బాధేసింది, లాప్‌టాప్ మూసేసి పడుకున్నా. జోంబీలుగా మారినవాళ్ళలో ఇద్దరిని మాత్రం వీక్‌నెస్ స్ప్లాష్ పోషన్ (బలహీనం చేసే మందు) విసిరి, గోల్డెన్ యాపిల్ పెట్టి మళ్ళీ మనుషుల్ని చేశాం, యాపిల్స్‌కి బంగారం అంతా అయిపోయింది.

దొరకబుచ్చుకుంది మేనకోడలే. అది సౌండ్ బాగా తగ్గించి, సెట్టింగ్స్‌లో సబ్‌టైటిల్స్ ఆన్ చేసుకుని ఆడుతుంది, ఏ చప్పుడు ఎటునుంచి వస్తోందో స్క్రీన్ మూలన బాణం గుర్తుతో కనిపిస్తుంది. మధ్యాహ్నం ఊళ్ళో క్యారెట్లు కోస్తూ ఉండి "మామయ్యా, ఐరన్ గోలెంకి దెబ్బ తగులుతోందని వస్తోంది, బాణం ఒకసారి అటు ఒకసారి ఇటు చూపిస్తోంది, కానీ ఇక్కడ ఎవరూ లేరు" అంది. నాకు ఒక్క క్షణం అర్థం కాలేదు. అర్థమయ్యాక గుండె జారినట్టయింది. నేనే నెల ముందు బావి పక్కన రెండు బ్లాకుల వెడల్పున గుంట తవ్వాను, అది కింద గుహలోకి తెరుచుకుంది, విలేజర్లు పడిపోతారేమో అని ఒకరోజు రాళ్ళు పెట్టి పైన మూసేశాను. మూసేముందు కిందికి తొంగి చూడలేదు. పోతురాజు అప్పటికే కింద ఉన్నాడు.

గోలెంకి ఎంత ఎత్తు నుంచి పడినా దెబ్బ తగలదు, నీళ్ళలో మునిగినా చావడు, అందుకని పడి చచ్చిపోలేదు, గుహలోకి నడిచిపోయి అక్కడే ఇరుక్కున్నాడు. కొత్త గోలెం ఎందుకు పుట్టలేదో కూడా అప్పుడు తెలిసింది, విలేజర్లకి దగ్గర్లో, అంటే పదహారు బ్లాకుల లోపు గోలెం ఉంటే వాళ్ళు కొత్తదాన్ని పుట్టించరు, మధ్యలో మట్టి రాయి ఉన్నా సరే లెక్కలోకి వస్తుంది. పోతురాజు సరిగ్గా ఊరి కింద ఓ పదమూడు బ్లాకుల లోతులో ఉన్నాడు. ఊళ్ళోవాళ్ళ లెక్కలో కాపలా ఉన్నట్టే, కానీ పైకి రాలేడు.

తవ్వుకుంటూ దిగాం. చీకట్లో టార్చ్ (కాగడా) పెట్టగానే కనిపించాడు, ఒంటి నిండా పగుళ్లు, ముఖం మీద కూడా, నేనెప్పుడూ వాణ్ణి అలా చూడలేదు. చుట్టూ కుళ్ళిన మాంసం, ఎముకలు. అన్ని రోజులూ ఆ చీకట్లో వచ్చినవాటినల్లా కొడుతూనే ఉన్నాడన్నమాట, ఎవరికోసమని. నా దగ్గర ఆరు ఇంగాట్లు ఉన్నాయి, మేనకోడలు నేను పెడతాను నేను పెడతాను అంటే దానికే ఇచ్చాను. టంగ్, టంగ్, టంగ్, నాలుగింటితో మొత్తం పూడుకుపోయాయి. ఇద్దరం కాసేపు ఏం మాట్లాడలేదు.

పైకి తేవడం ఇంకో పని. గోలెం పడవలో పట్టడు, మైన్‌కార్ట్ ఎక్కడు, ఒక్క బ్లాకు సందులో దూరడు, ఎత్తు దాదాపు మూడు బ్లాకులు. మెట్లు రెండు వెడల్పున మూడు ఎత్తున పై దాకా తవ్వుకుంటూ వచ్చి, ఊరూరా తిరిగే వర్తకుడి లామాల దగ్గర ఎప్పుడో దొరికిన లీడ్ తాడు కట్టి లాక్కొచ్చాం. అప్పటి వెర్షన్‌లో పది బ్లాకులు దాటితే తాడు తెగిపోతుంది, రెండుసార్లు తెగింది, మళ్ళీ దిగి కట్టాం. మెట్టు మాత్రం దూకకుండా ఎక్కేస్తాడు, అది మంచి విషయం. బయటికొచ్చేసరికి గేమ్‌లో తెల్లవారుతోంది. ఇంకో రెండ్రోజులకి వాడు ఒక బుడ్డ విలేజర్ ముందు నిలబడి ఎర్ర పువ్వు పట్టుకుని చెయ్యి చాపుతూ కనిపించాడు, మేనకోడలు స్క్రీన్‌షాట్ తీసి వాళ్ళమ్మకి పంపింది.

అందుకని నా ఇష్టం తగ్గలేదు గానీ, మొదట్లో అందరికీ చెప్పినంత గట్టిగా ఇప్పుడు చెప్పను. ఒక్క గోలెం ఉంటే ఊరికి ఢోకా లేదు అనేవాణ్ణి. అది పూర్తిగా నిజం కాదు. జావాలో గోలెం, దగ్గరికొచ్చి పేలిపోయే క్రీపర్‌ని అస్సలు ముట్టుకోడు, పక్కనుంచి నడిచిపోతున్నా చూస్తూ ఊరుకుంటాడు, ఆ క్రీపర్ వచ్చేది మనకోసమే, మనం ఊళ్ళో ఉంటే ఊరికే నష్టం. దానికి పిల్లులే మందు, క్రీపర్లు వాటిని చూసి పారిపోతాయి, ఇప్పుడు మా ఊళ్ళో నాలుగు పిల్లులున్నాయి. దీపాలు కూడా ముఖ్యమే, 1.18 అప్‌డేట్ నుంచి వెలుతురు సున్నా ఉన్న చోటే రాక్షసులు పుడతాయి కాబట్టి ముందుకంటే టార్చ్‌లు తక్కువ సరిపోతాయి, మా ఊరి కింద గుహ మొత్తం ఇప్పుడు వెలుగే. ఇంకోటి, ఊళ్ళో పుట్టిన గోలెంని పొరపాటున కొడితే తిరిగి మన మీదకి వస్తాడు. ఒకసారి జోంబీని కొట్టబోతే కత్తి విసురు పక్కనున్న పోతురాజుకి తగిలి, ఆర్మర్ లేకుండా ఉన్నానేమో, రెండు దెబ్బల్లో పోయాను. తర్వాత నాలుగు ఐరన్ బ్లాకులు, పైన చెక్కిన గుమ్మడికాయ పెట్టి నా చేత్తో రెండోవాణ్ణి చేశాను, మనం చేసినవాడు మన మీద చెయ్యెత్తడు. ముప్పై ఆరు ఇంగాట్లు ఖర్చయినా పర్లేదు.

ఐరన్ ఫార్మ్ కట్టేవాళ్ళకి ఇదంతా వేరేలా అనిపించొచ్చు. ముగ్గురు విలేజర్లని జోంబీతో భయపెట్టి గోలెంలు పుట్టించి లావాలో కాల్చి ఇనుము తీసుకోవడం గేమ్‌లో మామూలే, తప్పని అనను, పెద్ద సర్వర్‌లో ఆడేవాళ్ళకి ఇనుము అలాగే కావాలి. నేను రాత్రి గంట ఆడేవాణ్ణి, తొమ్మిది మందితో మొదలై ఇప్పుడు ఇరవై ఒక్క మంది ఉన్న ఊరు నాది, గనిలో తవ్విన ఇనుమే నాకు చాలు. పోతురాజుని చూశాక అది కట్టాలని మాత్రం నాకు అనిపించట్లేదు. హార్డ్ డిఫికల్టీలో ఆడేవాళ్ళకి, గేమ్‌లో ఇంకో ఎడిషన్ అయిన బెడ్‌రాక్ వాళ్ళకి నేను చెప్పినవి కొన్ని అలాగే ఉండవు, బెడ్‌రాక్‌లో గోలెం పుట్టాలంటే లెక్క వేరు, ఇరవై మంచాలు, పదిమంది విలేజర్లు ఉండాలి. 2025లో రాగి గోలెం కూడా వచ్చింది, ముద్దుగా ఉంటుంది, కానీ అది పెట్టెల్లో సామాన్లు సర్దేది, కాపలాకి కాదు.

బావి పక్కన ఆ గుంట ఉన్న చోట ఇప్పుడు కంచె కట్టి, కంచె పక్కన ఒక పెట్టె పెట్టాను, అందులో ఎప్పుడూ ఇంగాట్లు ఉంటాయి. మేనకోడలు ఈసారి సెలవులకి వచ్చినప్పుడు ఇల్లు చూడలేదు, పొలం చూడలేదు, తిన్నగా పెట్టె తెరిచి రెండు తీసుకుని వాడి దగ్గరికి వెళ్ళింది.