నెక్రొనామికాన్ కోసం సేలం, ప్రావిడెన్స్: ఏది చూడొచ్చు, ఏది వదిలేయొచ్చు

నెక్రొనామికాన్ అనే పుస్తకం అసలు లేదు, ముందే చెప్పేస్తున్నా. హెచ్.పి. లవ్‌క్రాఫ్ట్ అనే అమెరికన్ రచయిత 1920లలో తన కథల కోసం పుట్టించిన మంత్రాల గ్రంథం అది, చదివినోడికి పిచ్చెక్కడమో ప్రాణం పోవడమో గ్యారంటీ. కానీ దానికి ఆయన అల్లిన చరిత్ర ఉంది చూశారూ, యెమెన్‌లోని సనా నుంచి వచ్చిన అబ్దుల్ అల్హజ్రెడ్ అనే పిచ్చి కవి 730 ప్రాంతంలో డమాస్కస్‌లో అరబిక్‌లో రాశాడట, 950లో గ్రీకులోకి, 1228లో లాటిన్‌లోకి దించారట, కాపీలు బ్రిటిష్ మ్యూజియంలో, పారిస్ నేషనల్ లైబ్రరీలో, బ్యూనస్ ఎయిర్స్ యూనివర్సిటీలో, హార్వర్డ్ వైడ్నర్ లైబ్రరీలో, మిస్కటానిక్ యూనివర్సిటీలో తాళం వేసి దాచారట. వీటిలో ఆ చివరి యూనివర్సిటీ ఒక్కటే కల్పన, మిగతావన్నీ నిజం లైబ్రరీలు, ఇంక జనం నమ్మక ఏం చేస్తారు. ఒక కథలో అయితే విలన్‌కి కావాల్సింది 751వ పేజీలో ఉందని పేజీ నంబర్ కూడా ఇస్తాడు!

మేం ఉండేది బోస్టన్ దగ్గర, మా బావమరిది గుంటూరు నుంచి వచ్చి ఉన్నాడు, వాడికి నయాగరాలు అవీ అయిపోయాయి కాబట్టి ఈసారి ఇటు తీసుకెళ్ళా. "బావా, లేని పుస్తకానికి టూరేంటి" అని దారంతా ఒకటే గోల.

హార్వర్డ్ వైడ్నర్‌ని లిస్టులోంచి తీసేయండి, యూనివర్సిటీ ఐడీ లేకపోతే లోపలికి పోనివ్వరు, బయట మెట్ల దగ్గర ఫొటో దిగి రావడమే.

సేలం ఎందుకంటే కథల్లో వచ్చే ఆర్కమ్ అనే ఊరికి మూలం అదే అంటారు. బోస్టన్ నార్త్ స్టేషన్ నుంచి కమ్యూటర్ రైల్లో అరగంట. 1692లో మంత్రగత్తెలంటూ జనాన్ని పట్టి విచారణలు జరిపిన ఊరు కాబట్టి ఊరంతా ఆ వ్యాపారమే, మైనపు బొమ్మలు, చీకటి గదులు, జోస్యాలు, టికెట్ తీసుకుని ఒకదాంట్లోకి వెళ్తే పాత టేప్ రికార్డర్ గొంతుతో పావుగంట కథ చెప్పి బయటికి పంపేశారు, పేరు చెప్పను గానీ డబ్బులు దండగ. దానికంటే ఆ విచారణల్లో చనిపోయిన 20 మంది కోసం 1992లో కట్టిన మెమోరియల్ ఉంది, గోడలోంచి పొడుచుకొచ్చిన రాతి బెంచీల మీద ఒక్కొక్కరి పేరు, 19 మందిని ఉరి తీశారు, ఒక ముసలాయన్ని రాళ్ళ బరువు పెట్టి చంపారు, పైసా టికెట్ లేదు, మావాడు అక్కడ మాత్రం నోరెత్తలేదు. పీబాడీ ఎసెక్స్ మ్యూజియం ఖరీదే అయినా వెళ్ళండి, 1799లో మన దేశంతో, మిగతా తూర్పు దేశాలతో వ్యాపారం చేసిన ఓడ కెప్టెన్లు వాళ్ళు తెచ్చిన వస్తువులతో మొదలెట్టింది, మన ఆధునిక పెయింటింగ్స్ కలెక్షన్ కూడా వాళ్ళ దగ్గర పెద్దదే. అక్టోబర్‌లో మాత్రం అటు చూడకండి, హాలోవీన్ అనే దయ్యాల పండగ నెల, పుష్కరాల రద్దీ, రూమ్ రేట్లు చూస్తే దయ్యం అక్కర్లేదు.

రాత్రి బస లవ్‌క్రాఫ్ట్ సొంతూరు, రోడ్ ఐలాండ్ రాష్ట్రంలోని ప్రావిడెన్స్‌లో పెట్టుకోండి. వీకెండ్ అయితే 10 డాలర్ల పాస్‌తో కమ్యూటర్ రైళ్ళన్నీ ఎక్కొచ్చు, సేలం నుంచి నార్త్ స్టేషన్‌లో దిగి ఆరెంజ్ లైన్ మెట్రోలో బ్యాక్ బే స్టేషన్‌కి వస్తే అక్కడే ప్రావిడెన్స్ రైలు, ఈ చిన్న కిటుకు తెలియక చాలామంది క్యాబ్‌కి పోస్తారు. మేం దిగింది డౌన్‌టౌన్‌లో ఒక చైన్ హోటల్, రూమ్ శుభ్రంగానే ఉంది గానీ బుకింగ్‌లో చూపించిన రేటు ఒకటి, చెకిన్‌లో "ఫెసిలిటీ ఫీజు" అని కలిపింది ఇంకొకటి, అడిగితే జిమ్ ఉంది కదా సార్ అంటాడు. మళ్ళీ వెళ్తే కాలేజ్ హిల్ మీద ఏదైనా బెడ్ అండ్ బ్రేక్‌ఫాస్ట్ చూసుకుంటా, ఎందుకంటే చూడాల్సింది దాదాపు అంతా ఆ కొండ మీదే, రోజూ ఆ ఏటవాలు ఎక్కి దిగితే మోకాళ్ళు తిరుపతి మెట్లని గుర్తుచేస్తాయి.

లవ్‌క్రాఫ్ట్ 1890లో ఇక్కడే పుట్టి 1937లో ఇక్కడే పోయాడు. బెనిఫిట్ స్ట్రీట్‌లో 135 నంబర్ ఇల్లు ఒక దయ్యాల కథలో వస్తుంది, ఇప్పుడు జనం కాపురం ఉంటున్నారు, బయట నుంచి చూసి వచ్చేయాలి, తలుపు కొట్టకండి బాబూ. ఆయన చివరిగా కాపురం ఉన్న ఇంటిని అయితే ఏకంగా 1959లో ఎత్తి ప్రాస్పెక్ట్ స్ట్రీట్‌కి జరిపారు. థామస్ స్ట్రీట్‌లో ఫ్లూర్ డి లీ బిల్డింగ్, కొండ అంచున ప్రాస్పెక్ట్ టెర్రస్ పార్కు, అన్నీ నడిచే దూరం, అన్నీ ఫ్రీ. సాయంత్రం ఆ పార్కులో కూర్చుంటే ఊరంతా కింద కనిపిస్తుంది, ఈ ట్రిప్‌లో నాకు బాగా నచ్చింది అదే.

జాన్ హే లైబ్రరీ, బ్రౌన్ యూనివర్సిటీది, లవ్‌క్రాఫ్ట్ చేతిరాత కాగితాలు ఇక్కడున్నాయి. ఊరికే వెళ్ళి చూపించమంటే కుదరదు, ముందే ఆన్‌లైన్‌లో రిజిస్టర్ అయి కావాల్సింది రిక్వెస్ట్ పెట్టుకుని వెళ్ళాలి, స్టాఫ్ మాత్రం చాలా ఓపిగ్గా చెప్పారు, ఇండియా నుంచి అంటే ఇంకొంచెం ఎక్కువే చెప్పారు. బద్ధకిస్తే ఇంట్లో కూర్చునే చూడొచ్చు, చాలావరకు స్కాన్ చేసి పెట్టారు. నెక్రొనామికాన్ ఇక్కడ లేదు గానీ మనిషి చర్మంతో బైండింగ్ చేసిన పుస్తకాలు ఈ లైబ్రరీ దగ్గర నిజంగానే ఉన్నాయి, కల్పనకంటే ఇదే నాకు వణుకు పుట్టించింది.

అక్కడికి దగ్గర్లోనే అథీనియం అని 1838 నాటి బిల్డింగ్‌లో లైబ్రరీ, టూరిస్టులు వెళ్ళొచ్చు, లోపల లవ్‌క్రాఫ్ట్ విగ్రహం ఉంది. అక్కడే మావాడు అసలు ప్రశ్న అడిగాడు, "బావా, ఈయనకి మనలాంటోళ్ళంటే పడదంట కదా?" నిజమే. ఆయన ఉత్తరాల్లో నల్లవాళ్ళ మీద, వలస వచ్చినోళ్ళ మీద రాసింది చదివితే కడుపు తిప్పుతుంది, "పిచ్చి అరబ్బు" అనే పాత్ర కూడా ఊరికే పుట్టలేదు, వరల్డ్ ఫాంటసీ అవార్డుకి ఆయన తలబొమ్మ ఇచ్చేవాళ్ళు, 2015లో గొడవై మానేశారు. ఆ ఊహాశక్తికి దండం పెడతా, మనిషికి మాత్రం పెట్టను, ఆ రెండిటినీ విడదీసి చూడటం అందరి వల్లా కాదు, కాకపోతే తప్పూ లేదు.

స్వాన్ పాయింట్ శ్మశానం కొంచెం దూరం, క్యాబ్ బెటర్. లవ్‌క్రాఫ్ట్ సమాధి అక్కడే, 1977 దాకా ఆయనకి విడిగా సమాధి రాయే లేదు, అభిమానులు చందాలేసుకుని పెట్టించారు. తమాషా ఏంటంటే అదే 1977లో సైమన్ అనే మారుపేరుతో ఎవరో నెక్రొనామికాన్ అని పుస్తకం కూడా అచ్చేసి అమ్మేశారు! సమాధి మీద పెన్నులు, చిల్లర పెట్టిపోతారు.

షాపింగ్‌కి ఆర్కేడ్, 1828లో కట్టింది, అందులో లవ్‌క్రాఫ్ట్ షాపు చిన్నదే గానీ ఊళ్ళో ఏది ఎక్కడుందో వాళ్ళు చెప్పినంత బాగా ఏ యాప్ చెప్పలేదు, అందుకే మొదట అక్కడికే వెళ్ళండి. తిండికి థేయర్ స్ట్రీట్, ఫలాఫెల్ దగ్గర్నుంచి మన కూరల దాకా దొరుకుతాయి. ఇక్కడి కాఫీ మిల్క్ రాష్ట్ర పానీయమట, మావాడు ఒక్క గుక్క తాగి గ్లాసు నావైపు తోసేశాడు, చక్కెర పాకం.