అనిమే ఎడిటింగ్: టీవీ సిరీసా, సినిమానా?

"అన్నా, అనిమే ఎడిటర్ అవ్వాలని ఉంది. టీవీ సిరీస్ వైపు వెళ్లనా, సినిమాల వైపా?" అనిమే, అంటే జపాన్ యానిమేషన్, గురించి ఈ మధ్య ఈ ప్రశ్న తరచూ వస్తోంది. అడిగేవాళ్లలో ఎక్కువమంది ఫ్యాన్ వీడియోలు కట్ చేసి చేయి తిరిగినవాళ్లే. ఒక్కొక్కరికీ విడిగా చెప్పే ఓపిక లేక అందరికీ కలిపి ఇక్కడే రాస్తున్నాను.

ముందు మన సినిమాల ఎడిటింగ్ లెక్క పక్కన పెట్టండి. మన దగ్గర ఒకే సీనుకు నాలుగు యాంగిల్స్, బోలెడు టేకులు ఉంటాయి, మంచిది ఏరుకోవచ్చు. జపాన్ యానిమేషన్‌లో ఏరుకోవడానికి పెద్దగా ఏమీ ఉండదు. ఏ షాటు ఎన్ని సెకన్లు, ఎన్ని ఫ్రేములు అన్నది స్టోరీబోర్డులోనే (షాటు షాటుకూ ముందుగా గీసుకునే బొమ్మల ప్లాన్) రాసి ఉంటుంది. ఆ కొలతకే గీస్తారు. ఇంకొంచెం గీయించాలంటే మళ్లీ డబ్బు, మళ్లీ మనుషులు. కాబట్టి ఎడిటర్ చేతిలో ఉండేదల్లా నిడివే.

టీవీలో ఆ నిడివికి గట్టి హద్దు ఉంటుంది. ఎపిసోడు ప్రసార సమయానికి సరిగ్గా సరిపోవాలి. ఎపిసోడుకు సుమారు 300 షాట్లు. కలిపి చూస్తే 30 సెకన్లు ఎక్కువ వచ్చిందనుకోండి, సెకనుకు 24 చొప్పున 720 ఫ్రేములు లేపేయాలి. షాటుకు రెండో మూడో తీసేస్తే సరిపోదా అంటారేమో, సరిపోదు. తలుపు తీసే చేతి షాటులో ఆరు ఫ్రేములు పోయినా ఎవరికీ తెలియదు. ఏడుపు ఆపుకుంటున్న మొహం మీద ఆరు పోతే సీను చచ్చిపోతుంది. ఒక్కోసారి షాటు మొత్తం ఎగిరిపోతుంది. అప్పుడు దాని నంబరును ఖాళీగానే వదిలేస్తారు. మిగతావి మారిస్తే, అప్పటికే ఆ నంబర్ల మీద సగం సగం పని నడుస్తున్న బొమ్మలన్నీ కలగాపులగం అవుతాయి.

అవును, సగం సగమే. కటింగ్ (ఎడిటింగ్‌ను అక్కడ అలా అంటారు) నాటికి చాలా షాట్లకు రంగులు కూడా పడి ఉండవు, ఉత్త గీతలే. డైలాగు వచ్చే చోట ఏ పాత్ర మాట్లాడుతోందో తెర మీద గుర్తు కనిపిస్తుంది, గొంతు మాత్రం వినపడదు. జపాన్‌లో సాధారణంగా గొంతులు రికార్డు చేసేది కటింగ్ అయ్యాకే. (1988లో వచ్చిన 'అకిరా'కు ముందే రికార్డు చేశారు, అదో మినహాయింపు.) నన్నడిగితే అసలు విషయం ఇక్కడే ఉంది. కొడుకుతో "సరే, వెళ్లు" అనే ముందు తల్లి ఎంతసేపు ఆగుతుందో చాలావరకు నటి మైకు ముందుకు రాకముందే తేలిపోతుంది. డైరెక్టరూ ఎడిటరూ వినపడని మాటను లోపల పలుక్కుంటూ ఆ ఆగడాన్ని కొలుస్తారు. ఆ చెవి ఎపిసోడు తర్వాత ఎపిసోడు చేస్తేనే పడుతుంది. అందుకే నా ఓటు టీవీకి.

సినిమాల ఆకర్షణ నాకూ తెలుసు. తాకేషి సెయామా పేరు చూడండి. 'మై నైబర్ తొతోరో', 'గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్', 'అకిరా' ఒకే ఏడాది, 1988లో వచ్చాయి. మూడింటికీ ఎడిటర్ ఆయనే! 'తొతోరో' డైరెక్టర్ మియాజాకి దగ్గరైతే స్టోరీబోర్డు పూర్తికాకముందే బొమ్మలు గీయడం మొదలవుతుంది, సినిమా ఎంత పొడవొస్తుందో చాలాకాలం తేలదు. అలాంటి చోట పనిచేయాలంటే ఆ డైరెక్టర్‌కు ముందే మీ మీద నమ్మకం ఉండాలి. కొత్తవాళ్ల కష్టం వేరు: పని దొరికినా సినిమాలు తరచుగా రావు. డైరెక్టర్ మామోరు హోసోదా సినిమాలే తీసుకోండి, 2006 నుంచి 2021 దాకా మూడేళ్లకొకటి చొప్పున వచ్చాయి. ఆ మూడేళ్లలో టీవీ వైపు ఉన్నవాడి చేతి మీదుగా ఎన్ని ఎపిసోడ్లు పోతాయో మీరే లెక్కేసుకోండి.

డైరెక్టర్ మకోతో షింకాయ్‌లా అన్నీ మనమే చేసుకుంటే? 2002లో ఆయన 25 నిమిషాల చిత్రాన్ని ఇంట్లో మ్యాక్ మీద దాదాపు ఒంటరిగా తీశారు. 2016 నాటి 'యువర్ నేమ్'కూ ఎడిటింగ్ ఆయనదే. కానీ అది డైరెక్టర్ దారి, ఎడిటర్‌ది కాదు. ట్రైలర్లు కట్ చేసే పని అంటారా, చేతి ఖర్చులకు ఓకే.

ఇంకొకటి. టీవీ అయినా సినిమా అయినా కటింగ్ గదిలో మాట్లాడేది జపనీసే, స్టోరీబోర్డు పక్కన డైరెక్టర్ రాసుకున్నదీ జపనీసే. ఇంకో సాఫ్ట్‌వేర్ కోర్సుకు కట్టబోయే ఫీజు ముందు ఆ భాష క్లాసుకు కట్టండి.