ఆటోతో రేసు: అసెట్టో కోర్సానా, బీమ్‌ఎన్‌జీనా?

ఎనుమాముల మార్కెట్‌కు మిర్చి బస్తాలు మోసే 'ఆపే' (Ape) ఆటోను కంప్యూటర్ గేమ్‌లో రేసు ట్రాక్ ఎక్కించాలని నాకూ, మా బాబాయి కొడుక్కీ ఒకేసారి బుద్ధి పుట్టింది. ఏ గేమ్‌లో అంటే వాడు బీమ్‌ఎన్‌జీ డ్రైవ్ అన్నాడు, నేను అసెట్టో కోర్సా అన్నాను. హనుమకొండలో మా మేడ మీది గదిలో రెండూ ఆడి చూశాం.

అసెట్టో కోర్సా 2014లో వచ్చిన ఇటలీ గేమ్. ఆపే కూడా ఇటలీదే, పియాజియో 1948లో మొదలుపెట్టిన బండి. ఆటో పుట్టింటికి వచ్చినట్టే! ఆపే మోడ్ (ఆడేవాళ్లే తయారుచేసి గేమ్‌కు కలిపే బండి) దించుకుని జర్మనీలోని నూర్బర్గ్‌రింగ్ పాత ట్రాక్ మీద వదిలాం. దాదాపు 21 కిలోమీటర్లు. పక్కనుంచి పోర్షెలు దూసుకుపోతుంటే మన ఆటో డుగుడుగుమంటూ పోతోంది. మొదటి రౌండ్ పొట్ట చెక్కలయ్యేలా నవ్వాం. రెండో రౌండ్‌లో నవ్వు రాలేదు. ఎందుకంటే ఈ గేమ్ లెక్కలన్నీ నాలుగు చక్రాల కారువి. మూడు చక్రాల బండి కావాలంటే ముందరి రెండింటినీ దగ్గరికి జరిపి, పైకి ఒక్కటే కనిపించేలా చేస్తారు. అంటే ఆటో వేషం కట్టిన కారు.

బీమ్‌ఎన్‌జీలో బండి అంటే బిందువులు, వాటిని కలిపే కడ్డీలు. ఏ కడ్డీ ఎంత వంగిందో సెకనుకు 2000 సార్లు లెక్క కడుతుంది. పిజియన్ అనే మూడు చక్రాల బండి గేమ్‌తోపాటే వస్తుంది. దానికి పెద్ద ఇంజిన్ తగిలించాం. మొదటి మలుపులోనే లోపలివైపు వెనక చక్రం లేచింది. "అన్నా, ఇటు వంగు!" అని తమ్ముడు నా భుజం పట్టి లాగాడు. నేను కుర్చీలో నిజంగానే వంగాను. అయినా పల్టీ. బండి ఒక పక్క, ఊడిన చక్రం ఇంకో పక్క దొర్లుకుంటూ పోయాయి.

నవ్వుకోవడానికైతే బీమ్‌ఎన్‌జీయే. కానీ రెండో బండి పెట్టగానే నా ల్యాప్‌టాప్ ఫ్యాన్ రైస్‌మిల్లులా మోగింది. పాత సిస్టమ్ ఉన్నవాళ్లకు అసెట్టోనే దిక్కు. అందులో బండి బరువు నోట్‌ప్యాడ్‌లో మార్చుకునే సరదా కూడా ఉంది. నేను ఒక సున్నా ఎక్కువ కొట్టాను, ఆటో కదిలితే ఒట్టు.

మా గల్లీలో ట్రాలీ ఆటో నడిపే అన్నను పిలిచి రెండూ చూపించాం. అసెట్టో ఆటోను గట్టిగా మలిపి, "గిది పడుతలేదేంది?" అని పక్కన పెట్టేశాడు. పిజియన్‌ను మాత్రం వరసగా మూడు మలుపులు పడకుండా తిప్పాడు. మా ఇద్దరి వల్లా ఇప్పటికీ కాలేదు.