వెనీర్ ఎడ్జింగ్ చుట్ట కొంటున్నారా? బోర్డుకు అతికించే ముందు జిగురు పరీక్షించండి

ప్లైవుడ్, పార్టికల్ బోర్డుల అంచులకు ఇస్త్రీ పెట్టెతో అతికించే, వెనుక జిగురు పూసి వచ్చే చెక్క వెనీర్ (పలుచని చెక్క పొర) పట్టీ కొనేవాళ్లందరికీ ఈ హెచ్చరిక. అతికించిన రోజు పట్టీ చక్కగా ఉంటుంది. కొన్ని వారాలకు మూలల దగ్గర లేస్తుంది. ఆ తర్వాత గోరు పెట్టి లాగితే రిబ్బనులా మొత్తం ఊడొస్తుంది. అమ్మినవాళ్లను అడిగితే ‘మీరు ఇస్త్రీ సరిగ్గా చేయలేదు’ అంటారు. ఒక్కోసారి అది నిజమే. కానీ చుట్టలోనే లోపం ఉన్నా ఇదే జవాబు వస్తుంది. తప్పెక్కడుందో ఊడొచ్చిన పట్టీయే చెబుతుంది, దాన్ని పారేయకండి.

పట్టీని వెనక్కి తిప్పి వెలుతురులో చూడండి. జిగురుకు బోర్డు పీచు అంటుకుని గరుకుగా ఉంటే అతుకు బాగానే పట్టింది, బోర్డు అంచే బలహీనం. జిగురు పట్టీకే ఉండి అద్దంలా నున్నగా మెరుస్తుంటే వేడి చాలలేదు, లేదా పెట్టెను తొందరగా జరిపేశారు. దాని మీద సన్నని రంపపు పొట్టు పరుచుకుని ఉంటే అంచు తుడవలేదు. ఈ రెండూ పనిలో లోపాలే. జిగురంతా బోర్డుకే ఉండిపోయి పట్టీ వెనుక ఒట్టి చెక్క బయటపడితే మాత్రం, తయారీలోనే పూత సరిగ్గా పట్టలేదన్నమాట. ఆ వెనుక వైపు ఫొటో తీసి, చుట్ట లేబుల్‌తో సహా చూపించి మార్చమని గట్టిగా అడగండి.

అంతదాకా రాకుండా ఉండాలంటే చుట్ట రాగానే పరీక్షించాలి. కొంచెం విప్పి పట్టీని మెల్లగా వంచండి. జిగురు పెళుసుగా పగిలి రేకులుగా రాలితే అది పాత సరుకు, తిప్పి పంపేయండి. బాగుంటే 15 సెం.మీ. ముక్క కోసి, మీరు వాడబోయే బోర్డు తుంటకే అతికించండి. పూర్తిగా చల్లారాక ఒక చివర లేపి లాగండి. వెనీర్ చిరిగినా, బోర్డు పీచు ఊడొచ్చినా చుట్ట మంచిదే. శుభ్రంగా ఊడొస్తే ఇంకాస్త వేడితో మరోసారి చేయండి, అప్పుడూ ఊడితే ఆ చుట్ట వాడొద్దు.

అసలు అది చెక్కేనా అన్నది ఇంకో సంగతి. చెక్క రంగు అచ్చేసిన కాగితం పట్టీని, ప్లాస్టిక్ పట్టీని కూడా వెనీర్ పేరుతో అంటగడతారు. పాలిష్ చేయని నిజమైన వెనీర్ మీద నీటి చుక్క పెడితే అక్కడ రంగు ముదురుతుంది. శాండ్‌పేపరుతో రెండుసార్లు రుద్దితే చెక్క పొడి వస్తుంది, నార గీతలు అలాగే ఉంటాయి. అచ్చు గీతలైతే చెరిగిపోతాయి.

వెడల్పు కచ్చితంగా కొలవండి. 18 మి.మీ. బోర్డుకు 22 మి.మీ. పట్టీ కావాలి, రెండు వైపులా 2 మి.మీ. చొప్పున మిగులుతుంది. 20 మి.మీ. పట్టీ కాస్త పక్కకు జరిగిందంటే ఒకవైపు బోర్డు బయటపడుతుంది. పొడవు లెక్క కూడా తప్పుతుంటారు. 800 మి.మీ. పొడవు, 300 మి.మీ. లోతు ఉన్న అర (షెల్ఫు) ముందుకూ రెండు పక్కలకూ కలిపి 1.4 మీటర్లు. ప్రతి ముక్కకూ 50 మి.మీ. అదనం వేస్తే 1.55 మీటర్లు. అలాంటి అరలు ఐదుంటే 7.75 మీటర్లు. తర్వాత కొన్న చుట్ట రంగు కలవకపోవచ్చు, అందుకే అంతా ఒకేసారి తీసుకోండి. పొడవాటి చుట్టలో అతుకులు ఉండటం మామూలే. అవి ముందు అంచుకు రాకుండా చూసి కోసుకోండి.

ఇక అతికించడం. అంచును 120 నంబరు శాండ్‌పేపరుతో సాపు చేసి, ప్లైవుడ్ సందులు పుట్టీతో నింపి, ఆరాక దుమ్ము తుడవండి. ఇస్త్రీ పెట్టెలో నీళ్లు ఉండకూడదు, ఆవిరి తగిలితే వెనీర్ ఉబ్బి, ఆరాక ముడుచుకుంటుంది. కాటన్ వేడి పెట్టి నిదానంగా జరపండి. పట్టీ పక్కన కరిగిన జిగురు సన్నటి గీతలా మెరిసిందంటే వేడి సరిపోయింది. వెంటనే చెక్క దిమ్మతో చల్లారేదాకా నొక్కిపెట్టాలి. చాలామంది వదిలేసేది ఈ నొక్కడమే. పక్క అంచులు మొదట, ముందు అంచు చివర అతికిస్తే అతుకు ఎదురుగా కనబడదు. మిగులు కోసేటప్పుడు నార చీలడం మొదలైతే ఆపి, ఎదురు దిశ నుంచి కోయండి. వెనీర్ మందం అర మిల్లీమీటరు దగ్గర్లోనే ఉంటుంది కాబట్టి మెషిన్ శాండర్ వద్దు. 180 నంబరు కాగితంతో చేత్తోనే రుద్దండి.

ఇప్పటికే అతికించిన పట్టీ లేస్తుంటే, ముందు మళ్లీ వేడిచేసి నొక్కి చూడండి. పట్టకపోతే పట్టీని తీసి, రెండు వైపులా పాత జిగురు గీకేసి, చెక్కకు వాడే తెల్ల జిగురును పట్టీకీ అంచుకూ పలచగా పూయండి. చేతికి అంటకుండా ఆరాక ఇస్త్రీ పెట్టెతో నొక్కితే మళ్లీ గట్టిగా పడుతుంది.